ఖాళీ కుర్చీ చుట్టూ ఏడు వారాలు: ఒక వెల్ష్ కవి డాక్యుమెంటరీ ఎడిటింగ్ కేస్ స్టడీ

మొదటి కట్ చూడ్డానికి ఏడుగురిని పిలిచాం. అప్పటికి సినిమా 19 నిమిషాలుంది. అయిపోయి లైట్లు వేశాక డైరెక్టర్ ఒకే ఒక్క ప్రశ్న అడిగింది: "ఆయన రాసిన పంక్తి ఒక్కటైనా ఎవరికైనా గుర్తుందా?"

ఎవరూ మాట్లాడలేదు. కుర్చీ అందరికీ గుర్తుంది. దాని మీద కప్పిన నల్లగుడ్డ గుర్తుంది. ఒకాయన కళ్ళు కూడా తుడుచుకున్నాడు. కవిత్వం మాత్రం ఒక్క ముక్క కూడా ఎవరి చెవిలోనూ నిలబడలేదు. కవి మీద సినిమా తీసి కవిత్వాన్ని ఎక్కడో పారేసుకున్నామని ఆ రాత్రి నాకు అర్థమైంది. పారేసింది నేనే, ఎందుకంటే ఎడిటర్‌ని నేను.

నేను వేల్స్ రాజధాని కార్డిఫ్‌లో ఉంటాను. చిన్న డాక్యుమెంటరీలు ఎడిట్ చేయడం నా పని. వెల్ష్ వింటే పట్టుకోగలను గానీ ధారాళంగా మాట్లాడలేను. డైరెక్టర్‌ది ఉత్తర వేల్స్, వెల్ష్ ఆమె మాతృభాష. సినిమా హెద్ విన్ అనే కవి గురించి. వెల్ష్‌లో రెండు 'డి'లు కలిస్తే మన 'ద'కు దగ్గరగా పలుకుతుంది, అందుకే హెడ్ కాదు, హెద్. పవిత్రమైన శాంతి అని ఆ పేరుకు అర్థం. అది ఆయన కలం పేరు. అసలు పేరు ఎలిస్ హంఫ్రీ ఎవన్స్.

కథ తెలియనివాళ్ళ కోసం క్లుప్తంగా చెప్తాను. 1887లో పుట్టాడు. త్రౌస్‌వనిద్ అనే ఊరి పక్కన కొండ మీద అస్గుర్న్ అనే పొలం వాళ్ళది. పదకొండు మంది పిల్లల్లో పెద్దవాడు. బడి చదువు తక్కువే, గొర్రెలు కాసుకుంటూ పద్యాలు కట్టేవాడు. 1916లో, మొదటి ప్రపంచ యుద్ధం మధ్యలో, నిర్బంధ సైనిక సేవ వచ్చింది. ఇంట్లో ఒకరు పొలానికి ఉండొచ్చు, ఒకరు వెళ్ళాలి. తమ్ముడి బదులు తను వెళ్ళాడు. 1917 జులై 31న, పాషెండేల్ యుద్ధం మొదలైన రోజే, బెల్జియంలో పిల్కెమ్ రిడ్జ్ దగ్గర చనిపోయాడు. 37 రోజుల తర్వాత, సెప్టెంబర్ 6న, బిర్కెన్‌హెడ్‌లో జరిగిన నేషనల్ ఐస్టెద్‌వొద్‌లో ఆయన పంపిన పద్యానికి ప్రథమ బహుమతి వచ్చింది. ఐస్టెద్‌వొద్ అంటే వెల్ష్ వాళ్ళ సాహిత్య సంగీత ఉత్సవం. కట్టుదిట్టమైన ఛందస్సులో రాసిన దీర్ఘపద్యానికి అక్కడ ఇచ్చే బహుమతి ఒక చెక్క కుర్చీ. మనకు గండపెండేరం ఎలాగో వాళ్ళకు ఆ కుర్చీ అలాగ. గెలిచిన కవిని వేదిక మీంచి మూడుసార్లు పిలిచారు, ఎవరూ లేవలేదు. ఖాళీ కుర్చీ మీద నల్లగుడ్డ కప్పారు. అప్పటి ప్రధాని లాయిడ్ జార్జ్ ఆ సభలోనే ఉన్నాడు. ఆ ఏడాది ఐస్టెద్‌వొద్‌ని ఇప్పటికీ నల్ల కుర్చీ ఐస్టెద్‌వొద్ అనే అంటారు.

ఇంత బలమైన ముగింపున్న కథ చేతికొస్తే ఏ ఎడిటరైనా ఏం చేస్తాడు? నేనూ అదే చేశాను. కుర్చీతో మొదలుపెట్టి, వెనక్కెళ్ళి, మళ్ళీ కుర్చీకే వచ్చాను. మధ్యలో కవి బతికిన ముప్పై ఏళ్ళు ఆ కుర్చీకి దారి చూపించే బాణం గుర్తుల్లా తయారయ్యాయి.

తీసేసినవి

రెండో కట్‌కి ముందు ఒక కాగితం మీద "ఇది చావు గురించా, రాత గురించా?" అని రాసి మానిటర్‌కి అంటించాను. ప్రతి షాట్‌నీ ఆ ప్రశ్న అడిగాను. చాలా షాట్లు ఫెయిలయ్యాయి.

ముందు పోయింది యుద్ధం ఫుటేజ్. హెద్ విన్ కదులుతుండగా తీసిన ఫిల్ము గానీ, గొంతు రికార్డింగ్ గానీ మా దగ్గర లేవు. ఉన్నవి కొన్ని ఫొటోలు. అంచేత మొదటి కట్‌లో 1916 నాటి సోమ్ యుద్ధం ఫిల్ములోంచి సైనికులు కందకం దాటి పైకెక్కే దృశ్యం వాడాను. ఎక్కడో ఒకచోట మీరూ చూసే ఉంటారు, మొదటి ప్రపంచ యుద్ధం అనగానే అందరూ అదే వేస్తారు. రెండు చిక్కులున్నాయి. అది వేరే దేశంలో, అంతకు ముందటేడు జరిగిన యుద్ధం. పైగా కందకం దాటే ఆ ముక్క ముందు వరసలో తీసింది కాదని, కెమెరా కోసం నటించిందని చరిత్రకారులు చాలాకాలంగా చెప్తున్నారు. వేరే మనుషుల నటనని తీసుకొచ్చి ఈయన చావు అని చూపించడం నాకు నచ్చలేదు. అది తీసేశాక అక్కడ 50 సెకన్ల గొయ్యి పడింది. దాన్ని పూడ్చడానికి ఏమీ పెట్టలేదు. నల్ల తెర మీద తేదీ, చోటు, రెజిమెంట్ పేరు వేసి, వాన చప్పుడు పెట్టాం, తొమ్మిది సెకన్లు. ఆ రోజు మధ్యాహ్నం నుంచి నిజంగానే వాన పట్టుకుంది.

తర్వాత పోయింది డ్రోన్ షాట్. ఇది నాకు బాధేసింది. కొండ మీంచి లేచి ఊరి మీదుగా వెళ్తుంటే కింద పెద్ద సరస్సు, సాయంత్రం ఎండకి మెరిసిపోతూ. కానీ ఆ సరస్సు హెద్ విన్ చూడలేదు. జలవిద్యుత్ కోసం ఆనకట్ట కట్టి 1920ల్లో నింపారు దాన్ని. ఒడ్డున కనిపించే బూడిదరంగు కోటల్లాంటి కట్టడాలు అణువిద్యుత్ కేంద్రం. 1965లో మొదలై 1991లో ఆగిపోయింది, ఇంకా విప్పుతూనే ఉన్నారు. ఆ షాట్ మీద ఆయన పద్యం పెడితే చూసేవాళ్ళు "ఆహా, ఈ సరస్సు చూసే రాశాడు" అనుకుంటారు. డైరెక్టర్ కెమెరామన్‌తో మళ్ళీ వెళ్ళి, నీళ్ళకు వీపు పెట్టి, కొండవైపు తిరిగి తీసుకొచ్చింది. కొండ మారలేదు.

మూడోది ఇంకా తెరకెక్కక ముందే పోయింది. డబ్బు పెట్టినవాళ్ళలో ఒకరు ఫొటోని ఏఐతో కదిలించి పెదాలు ఆడిస్తే కుర్రాళ్ళకు నచ్చుతుందన్నారు. డైరెక్టర్ చాలా మర్యాదగా వద్దంది. నేనైతే అంత మర్యాదగా చెప్పేవాణ్ణి కాదు.

ఒక నిజాన్ని మాత్రం ఇష్టం లేకుండానే వదిలేశాం. హెద్ విన్‌ని పూడ్చిన ఆర్టిలరీ వుడ్ శ్మశానంలోనే ఐరిష్ కవి ఫ్రాన్సిస్ లెడ్విడ్జ్ కూడా ఉన్నాడు. ఇద్దరూ చనిపోయింది ఒకే రోజు. ఎక్కడ పెట్టినా ఆ ముక్క సినిమాని మళ్ళీ సమాధుల దగ్గరికే లాక్కుపోయింది. అంటించిన కాగితం వైపు చూసి కోసేశాను. మంచి నిజమైనంత మాత్రాన సినిమాలో పట్టాలని లేదు.

బెల్జియం ముక్క ఒకటి మాత్రం ఉంచాం. ఆ కుర్చీని చెక్కిన యూజీన్ వాన్‌ఫ్లెటరెన్ బెల్జియం నుంచి పారిపోయి బిర్కెన్‌హెడ్‌లో తలదాచుకున్న శరణార్థి. అతను వదిలొచ్చిన దేశంలో ఇతను చనిపోయాడు. దీని మీద వ్యాఖ్యానం ఏమీ రాయలేదు. చెక్కడం క్లోజప్‌లో కనిపిస్తుండగా ఒక్క వాక్యం చెప్పి వదిలేశాం.

కుర్చీ తీయడం

అస్గుర్న్ ఇల్లు ఇప్పుడు స్నోడోనియా నేషనల్ పార్క్ వాళ్ళ చేతుల్లో ఉంది. 2012లో కొన్నారు. నల్ల కుర్చీ అక్కడే ఉంది. దాంతోపాటు చిన్న చిన్న ఐస్టెద్‌వొద్‌లలో ఆయన గెలిచిన కుర్చీలూ ఉన్నాయి. వాటిలో మొదటిది 1907లో బాలా ఊళ్ళో గెలిచింది. అప్పటికి ఇరవయ్యేళ్ళు. ఈ సంగతి నాకు షూటింగ్‌కి ముందు తెలియదు. అందరూ చెప్పే కథలో ఒకే కుర్చీ ఉంటుంది కదా.

సినిమాని మార్చింది ఇదే. కొత్త కట్ బాలా కుర్చీతో మొదలవుతుంది. గెలిచిన కుర్చీ, బతికున్న కుర్రాడు ఇంటికి తెచ్చుకున్న కుర్చీ. 1916లో అబెరిస్ట్‌విత్ నేషనల్ ఐస్టెద్‌వొద్‌లో రెండో స్థానం వచ్చి ఓడిపోయిన సంగతి కూడా పెట్టాం. ఓడిపోవడం చాలా పనికొచ్చింది. ఆ అక్టోబర్‌లోనే తర్వాతి ఏడాది పోటీకి 'అర్ అరుర్', అంటే 'వీరుడు', అనే పద్యం మొదలుపెట్టాడు. సైన్యంలో చేరాక కూడా దాన్ని దిద్దుతూనే ఉన్నాడు. దున్నకాల సెలవులో ఇంటికొచ్చి కొంత రాశాడు, ఫ్రాన్స్‌లో ఉండగా ముగించి పోస్ట్ చేశాడు. ఇప్పుడు చూసేవాళ్ళకి ఆయన ఓడినందుకు మళ్ళీ పట్టుబట్టిన మనిషిలా కనిపిస్తాడు. నల్ల కుర్చీ పన్నెండో నిమిషంలో వస్తుంది. 22 సెకన్లే ఉంటుంది. కిటికీ వెలుగులో తీశాం, లైట్లు వాడలేదు. వందేళ్ళ చెక్క, చీకటిగానే ఉంటుంది. కలర్ గ్రేడింగ్‌లో, అంటే రంగులూ వెలుగూ సర్దేటప్పుడు, వెలుగు కొంచెం ఎత్తుదామని నా చెయ్యి లాగింది, ఎత్తలేదు.

గొంతు

మొదట ఒక నటుడు చదివాడు. గొప్ప గొంతు. కానీ చాపెల్‌లో, అంటే వాళ్ళ ఊరి చర్చిలో, ప్రసంగంలా వినిపించింది, ప్రతి మాటా చివర్లో గంట కొట్టినట్టు. కవి చచ్చిపోతాడని మొదటి మాటకే తెలిసిపోతోంది! అతనికి పారితోషికం ఇచ్చేసి, ఆ రికార్డింగ్ పక్కన పెట్టాం.

రెండోసారి ఆ ప్రాంతపు రైతు ఒకాయన చేత చదివించాం. అరవై దాటాయి. మెరియోనిద్ వైపు వెల్ష్‌లో 'ఆ' అనే అచ్చు కొన్ని మాటల్లో మనం 'బ్యాంకు' అన్నప్పుడు పలికే అచ్చులా సాగుతుంది.  ఆ యాస వినగానే డైరెక్టర్ హెడ్‌ఫోన్స్ తీసి నాకిచ్చి, "ఇదీ ఇల్లు" అంది. వంటింట్లో కూర్చోబెట్టి రికార్డ్ చేశాం. రెండో టేక్‌లో ఫ్రిజ్ గొణుగుడు పడింది. మూడో టేక్‌కి ఫ్రిజ్ ఆపి, మళ్ళీ వేయడం మర్చిపోయాం. ఆయన భార్య మమ్మల్ని క్షమించిందనే అనుకుంటున్నాను.

ఏ పద్యాలు పెట్టాలన్నది అసలు గొడవ. బహుమతి వచ్చిన 'వీరుడు' పొడుగైనది, ప్రతీకలతో నిండినది, కంగ్‌హానెద్ అనే నియమంలో రాసినది. కంగ్‌హానెద్ అంటే పంక్తి మొదటి సగంలో హల్లులు ఏ వరసలో వస్తే రెండో సగంలోనూ అదే వరసలో రావాలి. అందులో రకాలున్నాయి, మాటవరసకి ఒక్కటే చెప్తున్నాను. "మనసు తీరం, మానస తారం" అన్నామనుకోండి, మ-న-స-త-ర రెండుసార్లూ అదే క్రమం. యతిప్రాసలతో పెరిగిన చెవికి ఇది కొత్తేమీ కాదు. నిజానికి ఇంగ్లిష్ మాత్రమే తెలిసిన నా సహోద్యోగుల కన్నా నేనే దీన్ని ముందు పట్టుకున్నాను. జీవితంలో ఛందస్సు నాకు ఉద్యోగంలో ఉపయోగపడ్డ ఏకైక సందర్భం.

ఆ పద్యంలోంచి 20 సెకన్లు సబ్‌టైటిల్ లేకుండా వదిలేద్దామన్నాను. అర్థం పెడితే కళ్ళు కిందికి పోతాయి, చెవి మూసుకుపోతుంది. హల్లులు తలుపు తట్టినట్టు తిరిగి రావడం ఒక్కసారైనా వినాలి కదా. డబ్బు పెట్టినవాళ్ళు భయపడ్డారు, "సబ్‌టైటిల్ ఫైల్ పాడైందనుకుంటారు" అని. అది న్యాయమైన భయమే. అందుకని ఆ ముక్కకి ముందు రైతు చేతే రెండు వాక్యాల్లో హల్లుల ఆట గురించి చెప్పించాం. తర్వాత మాటలు లేకపోయినా ఎవరూ కంగారుపడలేదు.

అర్థంతో సహా పూర్తిగా వినిపించింది రెండు చిన్న పద్యాలు. ఒకటి 'అట్గో', జ్ఞాపకం. బోడికొండ అంచున ఊదారంగు చందమామ, లోయలో పాడుతున్న ప్రసోర్ ఏరు, అంతే, నాలుగు పంక్తులు. చందమామని చూపించొద్దనుకున్నాం. పద్యం చందమామని చూపిస్తుంటే నేనెందుకు మళ్ళీ చూపించడం? ఏరు మాత్రం వినిపించాలి. ఆ ఏటి పక్కన రోడ్డుంది, పగలు లారీల రొద. సౌండ్ రికార్డిస్ట్ తెల్లవారుజామున నాలుగింటికి వెళ్ళి పదకొండు నిమిషాలు పట్టుకొచ్చాడు. అందులో 31 సెకన్లు వాడాను.

రెండోది 'రవెల్', యుద్ధం. పన్నెండు పంక్తులు. దీని దగ్గరే తెలుగు సబ్‌టైటిల్స్ కథ మొదలవుతుంది.

తెలుగు సబ్‌టైటిల్స్

హైదరాబాద్‌లో ఒక చిన్న ఫిల్మ్ క్లబ్ మిత్రులు చూపిస్తామన్నారు, తెలుగులో చేసివ్వమని అడిగారు. ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్‌లోంచి చేస్తే ఒక పూటలో అయిపోయేది. చేశాను కూడా. చదివితే ఉప్పులేని పప్పులా ఉంది. మళ్ళీ వెల్ష్ ముందు పెట్టుకుని, డైరెక్టర్‌ని పక్కన కూర్చోబెట్టుకుని మొదలుపెట్టాను.

పద్యం చివర్లో పాత వీణల్లాంటి వాద్యాలు విల్లో చెట్ల కొమ్మలకు వేలాడుతూ ఉంటాయి. విల్లో అంటే తెలుగులో ఏం రాయాలి? 'విల్లో చెట్లు' అంటే చూసేవాడికి క్రికెట్ బ్యాట్ గుర్తొస్తుంది. ఆ వారం అమ్మతో ఫోన్లో మాట్లాడుతూ ఈ మాట చెప్పాను. అమ్మ ఆదివారం చర్చికి తప్పదు.

"అది కీర్తన గదరా," అంది. "నూట ముప్పై ఏడు. నిరవంజి చెట్లకు సితారాలు తగిలించితిమి."

అంతే. హెద్ విన్ చాపెల్‌కి వెళ్ళిన వాడు, బైబిల్ పంక్తినే లోపల పెట్టి రాశాడు. ఇంగ్లిష్ మీంచి చేసినప్పుడు నాకది తట్టలేదు. 'నిరవంజి', 'సితారాలు' రెండూ తెలుగు బైబిల్ చదివే ఇంట్లో వందేళ్ళ పైగా ఉన్న మాటలే. తక్కినవాళ్ళకి నిరవంజి తెలియకపోవచ్చు. చెట్టని తెలుస్తుంది, అది చాలు.

దాని తర్వాతి రెండు పంక్తులు ఇంకా కష్టం. కుర్రాళ్ళ కేకతో గాలి నిండిపోయింది, వాళ్ళ రక్తం వానలో కలిసిపోయింది అని భావం. వెల్ష్‌లో కేకకి 'గ్వైద్', రక్తానికి 'గ్వైడ్'. చివరి హల్లు ఒక్కటే తేడా. కేకే రక్తంగా మారిపోతున్నట్టు వినిపిస్తుంది. ఇంగ్లిష్‌లో ఆ రెండు మాటలకీ పోలికే లేదు, మా ఇంగ్లిష్ సబ్‌టైటిల్‌లో ఆ దెబ్బ పూర్తిగా పోయింది. తెలుగులో 'కేక, నెత్తురు' అని రాసి మూడు రోజులు చూస్తూ కూర్చున్నాను. నాలుగో రోజు బస్సులో తట్టింది:

కుర్రాళ్ళ అరుపు గాలి నిండా,
వాళ్ళ ఎరుపు వాన నిండా.

మూలంలో 'నిండా' రెండుసార్లు లేదు, రక్తం అన్న మాట నేరుగా ఉంది. అది నాకు తెలుసు. డైరెక్టర్‌కి అరుపు, ఎరుపు అని రెండు మాటలూ పలికి వినిపించాను. తెలుగు ఒక్క ముక్క రాని మనిషి. రెండూ మళ్ళీ పలకమంది. తర్వాత "ఉంచెయ్" అంది.

ఇక టెక్నికల్ చావులు వేరే. నేను వాడే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో మామూలు సెట్టింగ్‌తో తెలుగు వేస్తే వొత్తులు ఊడి పక్కకు పడ్డాయి. భారతీయ లిపుల సెట్టింగ్ మార్చాక సర్దుకున్నాయి. రెండు లైన్ల సబ్‌టైటిల్‌లో పై లైను వొత్తులు కింద లైను తలకట్లకి తగులుతాయి, లైన్ల మధ్య ఖాళీ పెంచాలి. ఇంగ్లిష్‌కి లైనుకి 42 అక్షరాలని పెట్టుకునే లెక్క తెలుగుకి పనికిరాదు. నేను లెక్క మానేసి, తెర మీద పెట్టి, బయటికి చదువుతూ సమయం చూసుకున్నాను. ఊపిరి తిరగకపోతే ఆ లైను పొడుగైనట్టే.

హక్కుల విషయం చిన్నదే గానీ జాగ్రత్త అవసరం. కవి చనిపోయి వందేళ్ళు దాటింది కాబట్టి మూల పద్యాలకు అనుమతి అక్కర్లేదు. ఆయన పద్యాలు 1918లోనే పుస్తకంగా వచ్చాయి. కానీ అనువాదం చేసినవాళ్ళ హక్కులు అనువాదకులవి. అందుకే ఇంగ్లిష్ కూడా మేమే సొంతంగా చేసుకున్నాం.

ఊళ్ళో చూపించిన రోజు

14 నిమిషాల చివరి కట్‌ని ముందు అక్కడివాళ్ళకే చూపించాం. ఊరి హాల్లో, మడత కుర్చీలేసి. నాకు టెన్షన్‌తో చేతులు చల్లబడ్డాయి. వాళ్ళ కవి, వాళ్ళ భాష. పరాయివాణ్ణి నేనొక్కణ్ణే.

'అట్గో' వస్తుండగా వెనక వరసలో ఎవరో రైతు గొంతుతో కలిసి పద్యం చెప్పడం మొదలుపెట్టారు, తర్వాత ఇంకొందరు. నాలుగు పంక్తులూ అయిపోయాయి. మొదటి కట్‌కి డైరెక్టర్ అడిగిన ప్రశ్న ఇక్కడ అడగాల్సిన అవసరం లేకపోయింది. నిజమే, వీళ్ళకి ఆ పద్యం ముందే వచ్చు, దాన్ని మా గొప్పగా చెప్పుకోకూడదు. కాకపోతే పాత కట్‌లో వాళ్ళు కలిసి చెప్పడానికి అసలు ఆ పద్యమే లేదు.

అయిపోయాక టీ దగ్గర ఒక పెద్దావిడ నన్ను పట్టుకుంది. సినిమా బాగుందంది. "ఆయన పద్యం మొదలుపెట్టింది అక్టోబర్‌లో అన్నారు కదా?"

అవునన్నాను.

"మరి ఆ గొర్రెపిల్లలు ఎందుకరుస్తున్నాయి నాయనా? ఇక్కడ అవి పుట్టేది వసంతంలో. అక్టోబర్‌కి అవి అలా అరవవు."

చుట్టూ ఉన్నవాళ్ళంతా నవ్వారు. హాల్లో సగం మందికి ఆ తప్పు మొదటి సెకనులోనే తెలిసిందట, మర్యాదకి ఊరుకున్నారు. సోమ్ ఫుటేజ్ తప్పని అంత పట్టుబట్టిన నేను, ఏప్రిల్‌లో రికార్డ్ చేసిన గొర్రెపిల్లల్ని అక్టోబర్‌లో అరిపించాను. గొర్రెల కాపరి మీద తీసిన సినిమాలో.

ఇంటికెళ్ళి ఆ ట్రాక్ తీసేశాను. పెద్ద గొర్రెల చప్పుడు కోసం సౌండ్ రికార్డిస్ట్ మళ్ళీ అక్టోబర్‌లో వెళ్ళాడు. హైదరాబాద్‌కి పంపిన కాపీలో ఉన్నది ఆ సౌండే.